బల్ల రొట్టె

కనకరత్నం బల్ల రొట్టెకి పిండి కలిపేటప్పుడు ఆమెను ఎవరూ పలకరించేవారు కాదు. పలకరించినా జవాబు వచ్చేది కాదు. భిలాయి ఉక్కు కార్మికుల క్యాంప్ 2 లో ఆమె ఇంటికి అటూ ఇటూ ఉన్న తెలుగువాళ్ళకీ, ఛత్తీస్‌గఢీలకీ, బిహారీలకీ అందరికీ ఆ సంగతి తెలుసు. నెల మొదటి ఆదివారానికి ముందురోజు సాయంత్రం ఆ ఇంటి తలుపు దగ్గరగా వేసి ఉంటే, గుప్పెడు చక్కెర కోసం వచ్చిన మనిషి కూడా గిన్నె పట్టుకుని వెనక్కి తిరిగేది. మిగతా రోజుల్లో ఆమె నోటికి ఆ వీధి వీధంతా జడిసేది. కుళాయి దగ్గర వరస తప్పించినవాణ్ణి, తూకంలో మోసం చేసే కిరాణా సేఠ్‌ని, తాగొచ్చి పిల్లల్ని బాదేవాణ్ణి తెలుగులోనూ హిందీలోనూ సమానంగా దులిపేసేది. అలాంటి మనిషి ఆ ఒక్క సాయంత్రం మాత్రం పెదవులు బిగించి, లోపల్లోపల ఏదో కీర్తన పాడుకుంటూ పిండి ముందు కూర్చునేది.

రొట్టెలో పెద్ద వింతేమీ లేదు. మైదాపిండి, నీళ్ళు, చిటికెడు ఉప్పు, అంతే. పులియబెట్టకూడదు. చిటికెనవేలు మందాన ఒత్తి, పెనం మీద సన్నటి సెగకి కాల్చాలి. మాడకూడదు, అంచు పగలకూడదు. ఎందుకంటే మర్నాడు పాస్టరుగారు దాన్ని అందరి ముందూ ఎత్తి చూపించి, ప్రార్థన చేసి, విరుస్తారు. ఎండుద్రాక్ష ఉడకబెట్టి, పిసికి, గుడ్డలో వడగట్టిన రసం పక్కన సీసాలో ఉంటుంది. నెలకోసారి సంఘమంతా ఆ రొట్టె, ఆ రసం పంచుకునే ఈ ఆరాధనకి ప్రభురాత్రి భోజనం అనేది నిండు పేరు. వీళ్ళ నోట అది 'బల్ల' అయింది. బల్లకి వెళ్ళడం, బల్ల తీసుకోవడం, ఎవడైనా గట్టి తప్పు చేస్తే వాణ్ణి బల్ల నుంచి ఆపడం.

రొట్టె చేయడం ఆమెకి తల్లి నుంచి వచ్చింది. ఆ తల్లి మిషనువాళ్ళ తరఫున పార్వతీపురం చుట్టుపక్కల ఊళ్ళన్నీ కాలినడకన తిరిగి వాక్యం చెప్పేది. తండ్రి రైల్వేలో కీమేన్. సుత్తి భుజాన వేసుకుని రోజూ పట్టాల వెంట నడిచేవాడు. ఇంట్లో ఇద్దరూ నడిచేవాళ్ళే కాబట్టి పిల్ల మాత్రం ఒకచోట నిలబడి పోట్లాడటం నేర్చుకుంది. జగ్గయ్య ఆ తండ్రి కిందే గ్యాంగులో పనిచేసేవాడు. హిందువుల అబ్బాయి. రైల్వే క్వార్టర్లలో ఒకే గోడకి అటు పసుపు, ఇటు సిలువ ఉండటం మామూలే గనక, రెండు వైపులా కాసేపు సణిగి, రెండు విందులూ తిని, పెళ్ళి జరిపించేశారు. 1959లో భిలాయిలో కొలుములు రాజుకుంటున్నాయని విని జగ్గయ్య రైల్వే వదిలి ఇక్కడికి వచ్చాడు. బొగ్గుని కాల్చి కోక్ చేసే ఓవెన్ల మీద పని దొరికింది.

మరుసటి ఏడు క్యాంప్‌లోని తెలుగు క్రైస్తవులు ఒక రేకుల షెడ్డులో కూడిక మొదలుపెట్టారు. విజయనగరం నుంచి గురునాథరావు అనే పెద్దాయన పాస్టరుగా వచ్చారు. మెత్తటి మనిషి. ఎవరు గట్టిగా మాట్లాడితే వాళ్ళది రైటని తల ఊపేసేవారు. బల్లకి రొట్టె ఎవరు చేస్తారని ఆయన అడిగితే కనకరత్నం చెయ్యెత్తింది. వెనకనుంచి ఒకావిడ, "ఆవిడ మొగుడు హిందువు గదండీ" అని నసిగింది.

"మాయాయన సెయ్యడు గదమ్మా," అంది కనకరత్నం. "నాను సేస్తాను."

పాస్టరుగారు తల ఊపారు. ఆనాటి నుంచి ఆ సంఘానికి రొట్టె ఆమె చేతిదే.

జగ్గయ్య మొదట్లో కూడికకి వచ్చింది దేవుడి కోసం కాదు, డోలక్ కోసం. ఎవరో వాయించలేక చావగొడుతుంటే వినలేక, గుమ్మం దగ్గర ఒక కాలు లోపల, ఒక కాలు బయట పెట్టి కూర్చుని, ఆ డోలక్ లాక్కున్నాడు. గ్యాంగులో పట్టా ఎత్తేటప్పుడు పాడే పాటల దరువు అతని చేతుల్లో ఉంది. కీర్తనలకి ఆ దరువు పడేసరికి షెడ్డు ఊగిపోయేది. ప్రార్థన అంటే అప్పట్లో అందరూ ఒకేసారి గొంతెత్తి తమ గోడు తాము చెప్పుకోవడమే. జ్వరం వచ్చిన పిల్ల పేరు, ఊళ్ళో ఉన్న ముసలమ్మ పేరు, ఫోర్‌మన్ పేరు, అన్నీ కలిసి రేకుల పైకప్పుకి తగిలేవి. ఏడాదికేడాది జగ్గయ్య రెండో కాలు కూడా లోపలికి జరిగింది. 1963లో శివనాథ్ నదిలో నడుముల్లోతు నీళ్ళల్లో నిలబడి బాప్తిస్మం తీసుకున్నాడు. కొత్త పేరు పెట్టుకోమని ఎవరో సలహా ఇస్తే, "ఆ పేరు వోళ్ళమ్మ నూకమ్మ పెట్టింది. దేవుడికి అడ్డమేటి" అని కనకరత్నం ఒడ్డునుంచే తేల్చేసింది. ఆ మధ్యాహ్నం ఆమె ఏడ్చిన ఏడుపు చూసి పిల్లలు భయపడ్డారు. సంతోషంతో ఏడ్చే మనిషని వాళ్ళకి అప్పటిదాకా తెలియదు.

అలాంటి సంఘానికి 1965లో ధర్మారావు గారు వచ్చారు. ప్లాంటులో ఇంజినీరు, టౌన్‌షిప్‌లో ఆఫీసర్లుండే సెక్టర్ 7లో క్వార్టరు. చెడ్డవాడు కాదు. ఆ మాట ముందే చెప్పాలి, లేకపోతే ఈ కథ విని ఆయన్ని రాక్షసుడనుకుంటారు. రేకుల షెడ్డులో వానకి తడుస్తున్న వాళ్ళని చూసి జాలిపడి, తిరిగి, అడిగి, సెక్టర్‌లో ఒక బడి గదిని ఆదివారాలకి ఇప్పించింది ఆయనే. అయితే ఆయనకి ఒక పిచ్చి ఉండేది. ప్రార్థన ఎలా పుట్టింది, ఎలా పెరిగింది, ఏ దేశంలో ఏ కాలంలో ఎలా ఆరాధించారు అన్నదాని మీద వచ్చిన ఇంగ్లీషు పుస్తకాలన్నీ మద్రాసు నుంచి, కలకత్తా నుంచి తెప్పించుకునేవారు. అద్దాల బీరువా నిండా అవే. అవన్నీ చదివేసరికి క్యాంప్‌వాళ్ళ కూడిక ఆయన కంటికి సంతలా కనిపించింది.

మొదట డోలక్ వెళ్ళిపోయింది. ఆరాధనకి గంభీరత కావాలన్నారు. తర్వాత అందరూ కలిసి గొంతెత్తే ప్రార్థన పోయింది. దాని స్థానంలో మౌన ప్రార్థన వచ్చింది. "పూర్వులు మాటలతో కాదు, మౌనంతో దేవుణ్ణి వెతికారు" అని ధర్మారావు గారు చెబుతుంటే నిజంగానే ఆయన గొంతు వణికేది. కళ్ళు మూసుకోవాలి, కదలకూడదు, దగ్గకూడదు. మౌనం మంచిదే. రాత్రంతా కంటినిండా నిద్రపోయి, లేచి, వేడినీళ్ళు పోసుకుని, ఇడ్లీ తిని వచ్చినవాడికి చాలా మంచిది.

నైట్ షిఫ్ట్ వాళ్ళ సంగతి వేరు. పొద్దున్నే ప్లాంటు గేటు దాటి, సైకిళ్ళ మీద తిన్నగా బడికే వచ్చేవారు. పెళ్ళాలు ఇస్త్రీ చొక్కాలు సంచిలో తెచ్చేవారు. బడి వెనక కుళాయి దగ్గర మొహాలు కడుక్కుని, చొక్కా మార్చుకుని, మగవాళ్ళ వైపు చాప మీద కూర్చునేవారు. ఇదివరకు జగ్గయ్యకి చేతిలో డోలక్ ఉండేది, చుట్టూ పాట ఉండేది. ఇప్పుడు చేతులు ఖాళీ, చుట్టూ నిశ్శబ్దం, పైగా కళ్ళు మూసుకోమని ఆజ్ఞ. మూసుకున్నాడు. ఇక తెరవలేదు.

మొదటిసారి గురక చిన్నగా వచ్చింది. పక్కవాడు మోచేత్తో పొడిచాడు. రెండోసారి పిల్లలు కిసుక్కున నవ్వారు. మూడోసారి వచ్చిన గురక మాత్రం ఆ గదిలోని మౌనాన్నంతా నమిలి మింగేసింది. ధర్మారావు గారు లేచి నిలబడ్డారు.

"ఏమయ్యా జగ్గయ్యా, దేవుడి సన్నిధిలో నిద్రపోతావా? ఇవాళ కాదు, మూడు వారాలుగా చూస్తున్నాను. ప్రార్థన మొదలవగానే తల వాల్చేస్తున్నావు."

జగ్గయ్య ఉలిక్కిపడి లేచి, చేతులు కట్టుకుని నిలబడ్డాడు. ఆడవాళ్ళ వైపు నుంచి కనకరత్నం గొంతు వచ్చింది.

"కళ్ళు ముయ్యమన్నది మీరే గదండీ. మరి మూడు వారాల్నించీ మీకెలగ కనపడ్డాదండీ?"

గది గొల్లుమంది. పాస్టరుగారు కూడా చేతిరుమాలు నోటికి అడ్డం పెట్టుకున్నారు. ఆ నవ్వే కొంప ముంచింది. జగ్గయ్య నిద్రని ధర్మారావు గారు క్షమించేవారేమో గానీ, తాను అంత శ్రద్ధగా నిలబెట్టుకుంటున్న ఆరాధన అలా నవ్వులపాలైతే క్షమించలేకపోయారు.

వారం తిరక్కుండా సంఘ పెద్దలు కూర్చుని తీర్మానించేశారు. ఆ కబురు చెప్పడానికి పాస్టరుగారు స్వయంగా వచ్చి, గుమ్మం బయటే నిలబడి, ఎటో చూస్తూ చెప్పారు. జగ్గయ్యని బల్ల నుంచి ఆపారు. అయోగ్యంగా తీసుకుంటే అతనికే దోషం కదా అని పెద్దల భావం. అతను సంఘం ముందు నిలబడి, తప్పయిందని నోటితో ఒప్పుకుంటే మళ్ళీ కలుపుకుంటారు.

"ఒక్క మాటేనమ్మా," అన్నారు పాస్టరుగారు. "ఒక్క మాట అనేస్తే అయిపోతుంది."

"లోపలికి రండి, టీ తాగండి," అంది కనకరత్నం. ఆయన రాలేదు.

జగ్గయ్య నులకమంచం మీద కూర్చుని అరికాళ్ళకి కొబ్బరినూనె రాసుకుంటున్నాడు. ఓవెన్ల పైన చెక్క అడుగుల జోళ్ళు వేసుకుని నడిచినా ఆ వేడి కాళ్ళని వదిలేది కాదు. "అడిగీస్తానే రత్నం," అన్నాడు. "నిద్రపోయిన మాట నిజవే గదా."

"ఏటని అడుగుతావు? రాత్రంతా పని సేసినానయ్యా, తప్పయిపోనాదని అడుగుతావా?"

"పోనీలే. నువ్వు ఊరుకో."

"నానూరుకోను. దొంగతనం సేసీవా, తాగీసి వొచ్చీవా? నువ్వు నిలబడితే రేపు మన ఈది సిన్నమ్మలు మొగుడు నిలబడాల. ఎల్లుండి ఇంకొకడు. నైట్ డ్యూటీ సేసినోడల్లా వరసాగ్గా నిలబడాల."

జగ్గయ్య మాటల మనిషి కాదు. ఎవరో బలవంతంగా లాగినట్టు ఒక్కో మాటా పైకి తీశాడు.

"నీకో మాట సెప్తాను. ఓవెన్ మీద కన్ను మూసీనావంటే అయిపోనట్టే. మూత ఎప్పుడు మంట కక్కుద్దో తెలవదు. ఇంటికొస్తే పిల్లలు, కుళాయి కాడ గోల. తొంగున్నా సెవులు తొంగోవు. ఆ గదిలో కూకుంటే మటుకు భయమేయదే. ఏదీ నన్ను కాల్చదనిపిస్తాది. అంతే, ఒళ్ళు ఒగ్గీస్తాది. అది తప్పో ఒప్పో నాకు తెలవదు."

కనకరత్నం గుండె కరిగిపోయింది. ఇన్నేళ్ళుగా ఈ మనిషికి ప్రార్థన నేర్పడానికి తను పడిన పాట్లన్నీ గుర్తుకొచ్చి సిగ్గేసింది కూడా. తను మాటలు నేర్పాలని చూసింది. అతను ఎవరూ నేర్పకుండానే అక్కడికి వెళ్ళి పడుకున్నాడు. నమ్మినవాడి ఒడిలో కాక మనిషి ఇంకెక్కడ అలా నిద్రపోతాడు? ఆ క్షణంలోనే ఆమె నిశ్చయించుకుంది. ఇతను నిలబడి క్షమాపణ చెప్పడు. ఇతనికి బల్ల అందకుండానూ పోదు. ఈ రెండూ ఎలా కుదురుతాయో మాత్రం ఆమెకింకా తెలియదు.

మర్నాడే సెక్టర్ 7కి వెళ్ళింది. ధర్మారావు గారు మర్యాదగా కుర్చీ చూపించారు. ఆవిడ కూర్చోలేదు. అద్దాల బీరువా ముందే నిలబడింది.

"అమ్మా, జగ్గయ్య మీద నాకేమీ కోపం లేదు," అన్నారాయన. "ఇది నా సొంత నియమమూ కాదు. ప్రార్థనకి రెండు వేల ఏళ్ళ చరిత్ర ఉంది. పెద్దలు ఎంతో తపస్సు చేసి ఏర్పరచిన పద్ధతులు ఇవి."

"ఈ పుస్తకాలు రాసినోళ్ళు ఎప్పుడైనా నైట్ డ్యూటీ సేసేరేటండీ?"

వెటకారానికే అడిగింది. కానీ ధర్మారావు గారు దాన్ని ప్రశ్నగానే తీసుకున్నారు. ఆయన గొప్పతనమూ, ఆయనతో వచ్చిన చిక్కూ అదే. బీరువా తెరిచి, లావుపాటి పుస్తకం ఒకటి తీసి, బొమ్మ ఉన్న పేజీ చూపించారు. పూర్వం మఠాల్లో సన్యాసులు రాత్రి నిద్రమధ్యలో లేచి ప్రార్థన చేసేవారనీ, ఎవరు కునుకుతున్నారో చూడటానికి ఒకడు లాంతరు పట్టుకుని వాళ్ళ మధ్య తిరిగేవాడనీ చెప్పారు. కనకరత్నం ఆ బొమ్మ మీదకి వంగింది. తెల్లవాళ్ళ మఠంలో కూడా కునికినవాళ్ళున్నారంటే ఆమెకి ప్రాణం లేచి వచ్చింది.

"మరి నిద్రపోయినోణ్ణి ఏటి సేసేవోరండీ?"

"తెలిస్తే శిక్ష ఉండేదమ్మా. అందరి ముందూ మోకరించి క్షమాపణ చెప్పుకోవాలి."

గెలిచింది పుస్తకమే. కనకరత్నం మొహం మళ్ళీ బిగుసుకుంది. "ఆళ్ళకి పెళ్ళాం లేదు, పిల్లల్లేరు, రాత్రి ఆ ప్రార్థనే పని. మావోడి రాత్రి పని ఓవెనండి. ఆళ్ళ శిక్ష ఈడికేస్తారేటి? ఆ డోలక్ ఈడి సేతికిచ్చీయండి. నిద్రపోతే నన్నడగండి."

"అది అయ్యే పని కాదమ్మా. ఒక్కరి కోసం నియమం మారదు."

"అలాగేనండి," అంది ఆవిడ. "నానూ మారను."

ఇక రొట్టె మానేస్తుందని అందరూ అనుకున్నారు. పాస్టరుగారికి ఆ బెంగతో అన్నం సహించలేదు. సెక్టర్ ఆడవాళ్ళలో ఎవరికీ ఆ పని రాదు. బజారు బ్రెడ్డు వాడటానికి ఆయనకి మనసొప్పదు. శనివారం సాయంత్రం క్యాంప్‌కి వచ్చి, ఆమె ఇంటి ముందు నిలబడి చూస్తే తలుపు దగ్గరగా వేసి ఉంది. లోపల పెనం మీద పిండి కాలుతున్న వాసన వస్తోంది. ఆయన తేలిగ్గా ఊపిరి పీల్చుకుని వెళ్ళిపోయారు. మానేయడం ఆమెకి తెలియని విద్య. రొట్టె ప్రభువుది, ఇంజినీరుగారిది కాదు కదా, దానిమీద అలగడం దేనికి అని ఆమె లెక్క.

ఆ ఆదివారం రొట్టె నిండుగా, నున్నగా బల్ల మీద ఉంది. పాస్టరుగారు విరిచారు. పళ్ళెం ఆడవాళ్ళ వైపు వచ్చింది. ముందు వరసలో కూర్చున్న కనకరత్నం దాన్ని అందుకుని, ముట్టకుండా, పక్కనున్న చిన్నమ్మలుకి ఇచ్చేసింది. మౌన ప్రార్థన అప్పుడు కళ్ళు మూసుకోలేదు. ధర్మారావు గారి కేసే చూస్తూ కూర్చుంది. మగవాళ్ళ వైపు గుమ్మం దగ్గర జగ్గయ్య గోడకానుకుని కూర్చుని, పళ్ళెం తనని దాటి పోతుంటే నేల చూశాడు. రెండో నెలా అంతే. చేసిన మనిషే తినకపోవడం అందరూ చూశారు. చిన్నమ్మలు మొగుడు, ఇంకా కొందరు నైట్ షిఫ్ట్ వాళ్ళు రావడమే మానేశారు. చాప సగం ఖాళీ అయింది. మౌనం మాత్రం ఇదివరకటి కంటే బాగా కుదిరింది.

మూడో బల్ల దగ్గర పడుతుండగా జగ్గయ్య సైకిలు తుడుస్తూ అన్నాడు. "ఈ ఆదివారం నాను రానే. నువ్వెల్లు."

"ఏటి?"

"ఇస్తరేయని కాడ కూకోడమెందుకు? దుర్గ్‌లో ఉన్న మా అన్నయ్య రమ్మంటన్నాడు, ఆళ్ళింట్లో భజనుందట. ఆళ్ళు డోలక్ వాయించమన్నారు. నిద్రపోయినా ఏటీ అనరు." కోపం లేకుండా అన్నాడు. కోపంగా అని ఉంటే ఆమె తిరిగి దులిపేసి ఉండేది. ఆ మెత్తదనంలోనే ఆమెకి అతని రెండో కాలు మళ్ళీ గుమ్మం బయటకి జరుగుతోందని అర్థమైంది. దాన్ని లోపలికి తేవడానికి ఎన్నేళ్ళు పట్టిందో ఆమెకే తెలుసు.

"డ్యూటీ నించి తిన్నగా ఇంటికి రా," అంది. "ఆ తరవాత ఎక్కడికెల్తావో ఎల్లు."

ఆదివారం పొద్దున్న అతను వచ్చేసరికి స్నానానికి నీళ్ళు కాగి ఉన్నాయి. తలంటుకి కుంకుడురసం కూడా తీసి ఉంచింది. ఇస్త్రీ చొక్కా మంచం మీద ఉంది. పిల్లల్ని ముందే చిన్నమ్మలు ఇంటికి పంపేసింది. నేల మీద చాప పరిచి, పీట వేసి, పీట మీద తెల్లగుడ్డ కప్పిన పళ్ళెం, పక్కన గ్లాసులో రవ్వంత ద్రాక్షరసం పెట్టింది. జగ్గయ్య తడి జుట్టుతో వచ్చి చూసి, అక్కడే ఆగిపోయాడు.

"ఇదేటే?"

"కూకో."

"ఓలే, ఇది బల్లకెల్లాల్సిన రొట్టె. పాస్టరుగారు ముట్టకండానే..."

"ముట్టాల్సినోడు పైనున్నాడు, ముట్టీసినాడు. నువ్వు కూకో."

కూర్చున్నాడు. కనకరత్నం ముసుగు సవరించుకుంది. పెద్ద మాటలేమీ రాలేదు. తల్లి చేసే ప్రార్థనల్లోంచి ఒక్క ముక్కా గుర్తుకు రాలేదు. "ఈడు అలిసిపోయి వొచ్చినాడు ప్రభువా. ఈడికి నువ్వే పెట్టు," అంది. రొట్టె అంచు పట్టుకుని తుంచింది. ఇన్నేళ్ళుగా అంచు పగలకుండా కాల్చిన చేతులకి ఆ తుంచడం వింతగా ఉంది. అతని అరచేతిలో పెట్టింది. అతను కళ్ళు మూసుకోలేదు. ఆమె మొహం చూస్తూనే నమిలాడు, రసం తాగాడు, చెంపలు తడిగా ఉంటే తువ్వాలుతో తుడుచుకున్నాడు. అన్న ఇంటి మాట ఎత్తలేదు. ఆ చాప మీదే ఒరిగి, చెయ్యి తలకింద పెట్టుకుని నిద్రపోయాడు. గురక మొదలయ్యేదాకా ఆమె అక్కడే కూర్చుంది.

తర్వాత మిగతా రొట్టె గుడ్డలో చుట్టుకుని, రసం సీసా సంచిలో పెట్టుకుని, సెక్టర్‌కి బయల్దేరింది.

పాస్టరుగారు బల్ల మీద గుడ్డ తీసేసరికి అందరికీ కనిపించింది. గుండ్రటి రొట్టెకి ఒక పక్క తుంచిన గాటు. ఆయన రెండు చేతులతో ఎత్తబోయి, సగంలో ఆగి, మళ్ళీ కింద పెట్టేశారు. గదిలో ఒక్క మనిషి కదల్లేదు. ధర్మారావు గారు ఏడాదిగా తపించిన మౌనం ఆ రోజు నిజంగా వచ్చింది. ఒక్కడు కూడా కునకలేదు.

"ఏమిటమ్మా ఇది?" అన్నారు ధర్మారావు గారు. "ఎలకలేమైనా కొట్టాయా?"

కనకరత్నం లేచి నిలబడింది. 

"ఎలకలు కాదండి. మాయాయనకి పెట్టీసినాను. డ్యూటీ నించి వొచ్చినాడు, తానం సేసినాడు, కూకున్నాడు, తిన్నాడు. ఇప్పుడు తొంగున్నాడు. మీరాపినారు. నానాపలేదు."

"నువ్వెవరివి ఇవ్వడానికి? దాన్ని ఇప్పుడు ఎలా వాడతాం? ఇది అపవిత్రమైంది. పాస్టరుగారూ, ఈ నెల బల్ల లేదని చెప్పండి."

పాస్టరుగారు ఎప్పటిలాగే తల ఊపబోయారు. కానీ తల కదల్లేదు. ఆయన కళ్ళు ఆ తుంచిన చోటే ఉన్నాయి. ఆయనకి అరవై దాటాయి. ఎన్ని వందల రొట్టెలు విరిచారో గుర్తు లేదు. ఏ ఒక్కదాన్నీ ఆకలితో వచ్చిన మనిషి ఎదురుగా కూర్చుని విరిచిన గుర్తు కూడా లేదు. ఎదురుచెప్పడం ఆయనకి అలవాటు లేదు గనక ఆ మాట పీలగొంతుతోనే వచ్చింది.

"విరవడానికే గదండీ రొట్టె. ఆవిడ మొదలుపెట్టింది." అని పళ్ళెం తీసుకుని, మగవాళ్ళ వైపు కాకుండా ముందు ఆడవాళ్ళ వైపు నడిచారు.

చిన్నమ్మలు లేచింది. తన వాటా తుంచుకుని నోట్లో వేసుకుంది. తర్వాత ఇంకో ముక్క తుంచి కొంగున ముడి వేసుకుంది. "మావోడు ఇంటికాడున్నాడండి. ఇచ్చీనా?" అని అడిగింది. పాస్టరుగారు అవునన్నారు. ఆ వెనక ఇంకొకావిడ లేచింది, మొగుడు ఆ పూట డ్యూటీలో ఉన్నాడు. ఆ తర్వాత మరొకావిడ. క్యాంప్ ఆడవాళ్ళు ఒక్కొక్కరే లేచి, తమకొక ముక్క, కొంగుకొక ముక్క తుంచుకున్నారు. అవన్నీ కలిపితే కోక్ ఓవెన్లలో ఒక షిఫ్టుకి సరిపడా మనుషులు.

పళ్ళెం మగవాళ్ళ వైపు చేరేసరికి రొట్టె చిన్నదైపోయింది. అయినా చిన్నచిన్నగా చేసి అందించారు. చివర్న ధర్మారావు గారి దగ్గరికి వచ్చేసరికి పప్పుబద్దంత ముక్క ఒకటి మిగిలింది. ఆయన దాని కేసి చూశారు. ముట్టకుండా పంపేయవచ్చు. అలా పంపేయడం ఎలాగో రెండు నెలలుగా ఆ గదిలో అందరూ చూస్తూనే ఉన్నారు. ఆయన మొహం ఎర్రబడింది. బీరువాలోని ఏ పుస్తకంలోనూ ఆ ముక్క గురించి లేదు. చివరికి రెండు వేళ్ళతో తీసుకుని నోట్లో వేసుకున్నారు. కనకరత్నం కళ్ళు తెరుచుకునే ఉన్నాయి గనక అది మింగడం కూడా చూసింది.

పాస్టరుగారు ఖాళీ పళ్ళెం చేతిలో పట్టుకుని ఆమె ముందు ఆగారు. ఆయనకి ఏడుపొచ్చేలా ఉంది.

"కనకరత్నం, నీకేమీ మిగల్లేదమ్మా. మూడు నెలలైంది నువ్వు తీసుకుని."

"పరవాలేదండి. రొట్టె సిన్నదైపోనాది." ఆమె పళ్ళెం ఆయన చేతిలోంచి తీసుకుని బల్ల మీద పెట్టి, తన గుడ్డ మడత పెట్టి సంచిలో వేసుకుంది. ధర్మారావు గారి వైపు తిరిగి, ఒక్కో మాటా నిదానంగా చెప్పింది. "వొచ్చే నెల పెద్దది సేస్తాను. నైట్ డ్యూటీ వోళ్ళకీ కలిపి సేస్తాను. ఆళ్ళ ముక్కలు పొద్దున్నే మా ఇంటికాడ తుంచీసి, మిగిల్నది ఇక్కడికి అట్టుకొస్తాను."

ఇలా చేయవచ్చా అని ఎవరినీ అడగలేదు. జగ్గయ్య ఆకలితో లేచే వేళైందని, ముగింపు ప్రార్థనకి కూడా ఆగకుండా చెప్పులు వేసుకుని వెళ్ళిపోయింది.